ఏడో కావలి నుంచి కలల చీటీలు

గోడ కట్టిన 61వ ఏడు, రోజు 203

కిటికీ దగ్గర కూర్చునేవాళ్ళు తమ తప్పులు తామే ఈ పుస్తకంలో రాసిపెట్టాలని మా దఫ్తరులో నియమం. తర్వాత ఆ కుర్చీలోకి వచ్చేవాళ్ళు చదివి జాగ్రత్తపడతారని. ఇరవై రెండేళ్ళుగా నేను రాసినవన్నీ చిన్నాచితకా తప్పులే. ఒకసారి కలలో పాము కరిచిందా, ఊరికే కనిపించిందా అని అడగడం మరిచాను. ఇంకోసారి ఆవలిస్తూ అర్థం చెప్పాను. ఇవాళ్టిది రాయడానికి చెయ్యి రావడం లేదు. అయినా రాస్తాను.

నా పేరు నూర్‌బాషా ఖాసింబీ. కలల దఫ్తరులో అరబ్బీ కిటికీ నాది. పక్కన గ్రీకు కిటికీలో ఇశ్రాయేలు గారు కూర్చుంటారు. కలల అర్థాలకి ఆయనది గ్రీకు పుస్తకం, నాది అరబ్బీ పుస్తకం. నా పుస్తకం చూసే పాతవాళ్ళు ఆయన పుస్తకం రాశారని నేనంటాను, రాసేటప్పుడు తప్పులన్నీ దిద్దారని ఆయనంటారు. ఆయన రిటైరయ్యే లోపు ఈ తగువు తెగదు.

పొద్దున్నే కొత్తరేవు జనమంతా నోటికి గుడ్డ కట్టుకుని మా ముందు వరసలో నిలబడతారు. కల ముందుగా మాకే చెప్పాలి. మొగుడు పెళ్ళానికి చెప్పకూడదు, బిడ్డ తల్లికి చెప్పకూడదు. ముందు ఎవరు అర్థం చెబితే అదే అర్థం. కల పిట్ట కాలికి వేలాడుతుంటుందనీ, అర్థం నోట్లోంచి రాగానే కింద పడుతుందనీ పాత అరబ్బుల మాట. జనం దాన్ని మాటగానే విన్నారు. దివాణం మాత్రం చట్టంగా తీసుకుంది. సముద్రాన్ని ఆపే మా గోడనీ, గేట్లనీ, పడవల్నీ, మంచినీళ్ళనీ చూసుకునే యంత్రం పేరు దివాణం. గోడ బీటవారే ముందు జనం కలల్లోకి నీళ్ళొస్తున్నాయని ముప్పై ఏళ్ళ కిందట అదే కనిపెట్టింది. అందుకే అందరి దిండ్లలోనూ దాని తీగ ఉంటుంది, అందరి గోడల మీదా దాని చెవిపెట్టె ఉంటుంది. కల తీగలో పోతుంది, అర్థం చెవిలో పడుతుంది.

మా తమ్ముడు కాలేషా గోడ పనివాడు. ఐదు రోజుల కిందట సముద్రంలో ఉన్న కాపలా చోటు, ఏడో కావలికి పోయాడు. పది రోజుల డ్యూటీ. అతని భార్య జాన్‌బీ మా పక్క గదిలోనే ఉంటుంది. మంచి పిల్ల, కానీ నోరు ఆగదు. ఇవాళ పొద్దున నేను బియ్యం కడుగుతుంటే గుడ్డ చేతిలో పట్టుకునే వచ్చింది.

"వదినా, రాత్రి నాకొక కలొచ్చింది."

"ముందు గుడ్డ కట్టుకో."

"అది కాదు, ఇను. మన ఇంటి దూలం ఫెళ్ళున ఇరిగింది. పైనుంచి ఒకటే ఎలుతురు. నేనేమో దాని కింద బిందె పెట్టా. ఎలుతురు కింద ఎవురన్నా బిందె పెడతారా?" అని నవ్వుతోంది.

ఇలా చెప్పొద్దని వందసార్లు చెప్పాను. నాకు ఒళ్ళు మండింది. భయపెడితే గానీ బుద్ధి రాదనుకున్నాను. "దూలమంటే ఇంటి మగవాడు. విరిగిందంటే ఇక లేడని. చాలా? పోయి గుడ్డ కట్టుకుని వరసలో నిలబడు," అన్నాను.

పొయ్యి పైనున్న చెవిపెట్టె టిక్కుమంది. "నమోదైంది," అంది.

కాలు జారితే తీసుకోవచ్చు గానీ నోరు జారితే తీసుకోలేమని ఊరందరికీ నేనే చెబుతుంటాను. చేతిలో బియ్యం అలాగే ఉండిపోయాయి. జాన్‌బీ నవ్వు ఇంకా మొహం మీదే ఉంది, దానికి అర్థం కాలేదు.

రోజు 204

పొద్దున దఫ్తరుకు పోయేసరికి కావలివాళ్ళ జాబితాలోంచి కాలేషా పేరు తీసేసి ఉంది. "ఏడో కావలి: ఖాళీ." అంతే. అతని మంచినీళ్ళ వంతు నిన్న సాయంత్రమే ఇంకొకరికి రాసేశారు. 208వ రోజున అతన్ని తేవడానికి పోవాల్సిన పడవ కూడా రద్దయింది. ఖాళీ కావలికి పడవ ఎందుకని దివాణం లెక్క.

లేడని చెప్పారు కాబట్టి లేడు. ఇందులో దివాణానికి కోపమూ లేదు, కుట్రా లేదు. గోడ బీటల దగ్గర అది ఇలాగే పనిచేసి ఊరిని నాలుగుసార్లు కాపాడింది. ఆ నాలుగుసార్లూ అర్థం చెప్పిన వాళ్ళలో నేనూ ఉన్నాను. అప్పుడు నాకు దండ వేశారు కూడా.

నేను కిటికీ మూసి, అర్జీల చెవిపెట్టె ముందు నిలబడ్డాను. కల విన్నప్పుడు నాలుగు ప్రశ్నలు అడగాలి: పేరేంటి, పనేంటి, తోడున్నారా, ఏ జామున కన్నారు. రెండు పుస్తకాలూ ఈ మాట చెబుతాయి. రాజు కలగంటే ఒక అర్థం, కూలివాడు కలగంటే ఒక అర్థం, ఎండాకాలంలో ఒకటి, వానాకాలంలో ఒకటి. ప్రశ్నలు అడగకుండా చెప్పిన అర్థం చెల్లదు. నేను ఒక్క ప్రశ్న కూడా అడగలేదని చెప్పాను. నా తప్పు నేనే ఒప్పుకున్నాను.

దివాణం వెంటనే జవాబిచ్చింది. "సవరణ పంతొమ్మిది. కల కన్నవారు వ్యాఖ్యాతకు తెలిసినవారైతే ప్రశ్నలు అక్కర్లేదు. సవరణ కోరినవారు: నూర్‌బాషా ఖాసింబీ, అరబ్బీ కిటికీ."

నిజమే. ఐదేళ్ళ కిందట వరస పొడుగైపోతోందనీ, నా మోకాళ్ళు పట్టేస్తున్నాయనీ నేనే అడిగి పెట్టించాను. ఈ ఊళ్ళో నాకు తెలియనివాళ్ళు ఎవరని అప్పుడు గొప్పగా అన్నాను కూడా.

అక్కడే బల్ల మీద కూలబడి ఏడ్చాను. వరసలో జనం గుడ్డల మీంచి చూస్తున్నారు, నోరు తెరవకూడదు కాబట్టి ఎవరూ ఏమీ అనలేదు.

రోజు 205

ఒక సంగతి తెలిసింది. ఏడో కావలికి మాట్లాడే తీగ కోసేశారు గానీ దిండు తీగ కొయ్యలేదు. గోడ బీటల కోసం దిండు తీగని ఎప్పుడూ కొయ్యరు. పొద్దున చీటీల పెట్టెలోంచి రోజూలాగే ఊరందరి కలల చీటీలూ వచ్చాయి. వాటిలో ఇది ఉంది:

"ఏడో కావలి. పేరు లేదు. రేవు. పడవ వస్తోంది. తెడ్డు చప్పుడు. కల కన్నవాడు మూట సర్దుకుంటున్నాడు."

నేను చీటీ పట్టుకుని దఫ్తరులోంచి పరిగెత్తాను. యాభై ఎనిమిదేళ్ళ మనిషిని, చెప్పులు కూడా వేసుకోలేదు. ఇంటి దగ్గర కాలేషాకి మూడో రోజు ఫాతిహా, చావు ప్రార్థన, జరుగుతోంది. దివాణం చెప్పింది కదా అని పక్కింటివాళ్ళే అన్నం వండి తెచ్చారు, చాపలు పరిచారు, పెద్దలు కూర్చున్నారు. జాన్‌బీ మాత్రం గడప దగ్గర కాళ్ళు చాపుకుని కూర్చుని, వచ్చినవాళ్ళందరితో "ఎందుకొచ్చారు?" అంటోంది.

నేను చీటీ చదివి వినిపించాను. బతికి ఉన్నాడు, రాత్రి నిద్రపోయాడు, కల కన్నాడు అని చెప్పాను.

పెద్దల్లో మస్తాన్ సాహెబు గారు గడ్డం నిమురుకున్నారు. ఆయన చెడ్డ మనిషి కాదు. "దివాణం పోయాడని రాసింది కదమ్మా," అన్నారు.

"దానికి చెప్పింది నేను! కోపంలో అన్నాను!"

"నువ్వు కిటికీ మనిషివి. నీ మాట ఊరికే పోద్దా? చచ్చినోళ్ళకి కూడా కలలొస్తాయేమో, ఎవురు చూశారు?"

ఇరవై రెండేళ్ళు నా మాట నమ్మమని వీళ్ళకి నేర్పాను. నమ్మడం బాగా నేర్చుకున్నారు.

జాన్‌బీ లేచి వచ్చి చీటీ తీసుకుంది. చదువు రాదు, అయినా అటూ ఇటూ తిప్పి చూసింది. "మూట సర్దుకుంటున్నాడా? ఎప్పుడూ ఆఖరు నిమిషందాకా సర్దడు కదా," అంది. తర్వాత తెచ్చిన అన్నం గిన్నెలన్నీ ఒక్కొక్కటీ వాళ్ళ చేతుల్లో పెట్టి పంపేసింది.

మధ్యాహ్నం ఇశ్రాయేలు గారు నా కిటికీ దగ్గరికి తన పుస్తకం మోసుకుని వచ్చారు. డెబ్బై ఏళ్ళ మనిషి, ఆ పుస్తకం ఆయన కంటే బరువు. "ఇదిగో చూడమ్మా ఖాసింబీ. మా దాంట్లో దూలం అధ్యాయం. రాజు కలగంటే మంత్రి పోతాడు. వర్తకుడు కలగంటే భాగస్థుడు పోతాడు. పేదవాడి ఇల్లాలు కలగని, విరిగిన చోట వెలుతురు కనపడితే, దూరాన ఉన్న మగవాడు ఇంటికొస్తాడు."

"అన్నయ్యా, మీ పుస్తకం తప్పులతడక అని నేను..."

"ఇరవై రెండేళ్ళ నించీ అంటున్నావు. ఇప్పుడేమంటావు?"

"అది నిజమవ్వాలంటాను."

రెండు పుస్తకాలూ కలవకపోతే అర్జీ పెట్టుకోవచ్చు. దివాణం ఏడు రాత్రులు ఊరి కలలన్నీ తూచి చూసి, ఎనిమిదో రోజున చెబుతుంది. ఏడు రాత్రులే ఎందుకంటే రెండు పుస్తకాల్లోనూ ఏడుకి ఒక గౌరవం ఉందని దానికి ఎవరో చెప్పారట. నేనే చెప్పానేమో, గుర్తులేదు. అర్జీ పెట్టాం. 213న జవాబు.

కాలేషా దగ్గర పన్నెండు రోజులకి నీళ్ళున్నాయి. అంటే 210 దాకా. పొదుపుగా తాగితే ఇంకొక రోజు, రెండు రోజులు. ఇక్కడ కూర్చుని పొదుపుగా తాగమని చెప్పే దారి నాకు లేదు.

రోజు 207

రేవుకు పోయాను. పడవ సరంగు పోలినాయుడు కాలేషాతో కలిసి పెరిగినవాడు. పడవ సిద్ధంగా పెట్టాడు. పీపాలో నీళ్ళు కూడా నింపాడు, తన వంతువి.

"గేటు తెరుచుకోదక్కా. జాబితాలో పేరు లేకుండా ఎంత చేసినా కదల్లేదు." చేతులు చూపించాడు. గడ్డపారతో పెకలించబోయి రెండు అరచేతులూ పగలగొట్టుకున్నాడు. "గోడ ఎక్కి దూకుదామా అంటే అవతల అలలు చూశావుగా. ఏడు కోసుల దూరం. వాడే ఈదుకుంటా రాలేడు, నేనెంత."

"వాడికేమన్నా తెలిసిందంటావా?"

"ఏం తెలుసుద్ది? పడవ రేపు వస్తదనుకుంటాడు. ఎల్లుండి అనుకుంటాడు. మా మీద కోపం తెచ్చుకుంటాడు."

ఇవాళ్టి చీటీ: "ఏడో కావలి. పేరు లేదు. ఒక ఆడమనిషి తిడుతోంది. కల కన్నవాడు నవ్వుతున్నాడు. చింతకాయ పచ్చడి."

ఆ ఆడమనిషిని నేనే. పచ్చడి జాడీలో తడి గరిట పెట్టాడని పోయేరోజున తిట్టాను. పోతున్నవాణ్ణి తిట్టి పంపాను. ఆ మాట జాన్‌బీకి చెబితే, "తిట్టకపోతే ఆయనకి దిగులు వదినా," అంది.

రోజు 209

నిన్న పడవ పోలేదు.

చీటీ: "ఏడో కావలి. పేరు లేదు. నీళ్ళ బిందె. మూత రావడం లేదు."

చీటీలకు అర్థం చెప్పడం నా పని. దీన్ని కిటికీ చెవిపెట్టె ముందు పెట్టి, "బిందె అంటే ఇల్లు, మూత రాకపోవడం అంటే ఆలస్యం, ఆలస్యమే, అంతకుమించి ఏమీ లేదు," అని చెప్పాను. "పేరు లేని కల. అర్థం నమోదు కాదు," అంది దివాణం.

వరసలో జాన్‌బీ వచ్చింది. నోటికి గుడ్డ బిగించి కట్టుకుంది. నా తప్పు జరిగినప్పటి నుంచీ ఈ పిల్ల ఎంత నిష్ఠగా ఉంటోందో చెప్పలేను. నాలుగు ప్రశ్నలూ అడగాలి, తెలిసినవాళ్ళని కూడా అడుగుతున్నాను ఇప్పుడు, చేతులు కాలాక ఆకులు పట్టుకున్నట్టు.

"తోడున్నారా?"

"ఉన్నాడు."

కిటికీ రెక్క దానంతట అదే మూసుకుంది. దివాణం లెక్కలో ఆమె విధవ. తప్పు జవాబు చెప్పినవాళ్ళకి కిటికీ తెరుచుకోదు, కల నమోదు కాకపోతే ఆ రోజు నీళ్ళ చీటీ రాదు. "లేడు అను జానూ, ఒక్క మాటేగా, నీళ్ళొస్తాయి," అని రెక్క సందులోంచి బతిమాలాను.

"ఒక్క మాటతోటేగా ఇంత జరిగింది," అంది. నన్ను దెప్పడానికి అనలేదు. దానికి దెప్పడం రాదు. అందుకే ఇంకా గుచ్చుకుంది.

మేమిద్దరం నా వంతు నీళ్ళు పంచుకుంటున్నాం. అక్కడ వాడూ, ఇక్కడ మేమూ.

రోజు 211

చీటీ: "ఏడో కావలి. పేరు లేదు. బావి. అడుగున ఇసుక. కల కన్నవాడు తవ్వుతున్నాడు."

జాన్‌బీ రోజూ దఫ్తరు మెట్ల మీద కూర్చుని, నేను బయటికి రాగానే అడుగుతుంది. "ఇయాల ఏం కలగన్నాడు?" ఇవాళ చీటీ మడిచి కొంగులో దోపుకున్నాను.

"నిజం చెప్పు వదినా. తియ్యగా చెప్పబాక. నువ్వు చెప్పే ముక్కే ఆయన పంపే కబురు నాకు."

చెప్పాను. ఇసుక సంగతి కూడా చెప్పాను. మెట్టు మీద వేలితో గీతలు గీసింది. తర్వాత, "తవ్వుతున్నాడంటే ఒంట్లో సత్తువుందనే కదా," అంది. ఉందనే అన్నాను.

ఇశ్రాయేలు గారు అర్జీ పెట్టె దగ్గర పొద్దుటి నుంచీ సాయంత్రం దాకా నిలబడుతున్నారు. త్వరగా చెప్పమని దివాణాన్ని ఎవరూ అడగలేరు, ఆయనకీ తెలుసు. ఊరికే ఇంట్లో కూర్చోలేక నిలబడుతున్నానన్నారు. ఏడు రాత్రులు, ఏడు రాత్రులు అని గొణుక్కుంటారు. పుస్తకం పక్కన పెట్టి ప్రార్థన చేస్తారు. నేను నా నమాజు చేసుకుంటాను. రెండింటిలో ఏది చేరినా సరే.

రోజు 212

చీటీ: "ఏడో కావలి. పేరు లేదు. వాన. కల కన్నవాడు నోరు తెరుచుకుని నిలబడ్డాడు. వాన. వాన."

కాలంలో పడే వాన కలలో కనిపిస్తే దయ, అకాలంలో పడితే కీడు, అంటుంది నా పుస్తకం. కాలాలున్న రోజుల్లో రాసిన పుస్తకం అది. ఇప్పుడిది ఏ కాలమని చూసుకోవాలో నాకు తెలియలేదు. ఆకాశం కేసి చూశాను. ఎక్కడా మబ్బు లేదు.

ఇంకొక మాట రాయాలి. ఇదివరకు అతని చీటీ తెల్లారగట్ల కలగా వచ్చేది. రెండు రోజులుగా మధ్యాహ్నం కూడా వస్తోంది, సాయంత్రమూ వస్తోంది. అంటే ఎప్పుడూ పడుకునే ఉంటున్నాడు. ఈ ముక్క జాన్‌బీకి చెప్పలేదు. అడగలేదు కాబట్టి చెప్పలేదని సర్దుకున్నాను.

రోజు 213

పొద్దున చీటీల పెట్టె తెరిచాను. ఊరందరివీ ఉన్నాయి. మూడుసార్లు తిరగేశాను. కింద పడిందేమోనని బల్ల కింద పాకి చూశాను. ఏడో కావలి చీటీ లేదు. నిన్న సాయంత్రంది కూడా రాలేదు.

ఆ చీటీలు ఒళ్ళో పెట్టుకుని నేల మీద కూర్చుని ఉండగానే, పక్క గదిలో ఇశ్రాయేలు గారు కేక పెట్టారు. ముందు ఏడుపనుకున్నాను. "ఒప్పుకుందమ్మా! ఒప్పుకుంది! స్తోత్రం!" అంటూ వచ్చి నా చేతులు రెండూ పట్టుకున్నారు. అర్జీ జవాబు చదివారు. "రెండు పుస్తకాలూ కలవలేదు. ముందు చెప్పిన అర్థం నిలిపివేయబడింది. ఏడో కావలికి పడవ అనుమతించబడింది." ఆయన మీసాల మీదుగా కన్నీళ్ళు కారుతున్నాయి. తన పుస్తకం నెగ్గిందన్న మాట కూడా ఆయనకి గుర్తు రాలేదు. నేను ఆయన మొహంలోకి చూసి, చీటీల సంగతి చెప్పలేకపోయాను.

రేవు నిండా జనం. ఫాతిహాకి వచ్చినవాళ్ళే మళ్ళీ వచ్చారు, ఎవరి వంతు నీళ్ళు వాళ్ళు సీసాల్లో తెచ్చి పడవలో పెడుతున్నారు. మస్తాన్ సాహెబు గారు తన చెంబు తెచ్చారు. పోలినాయుడు చేతులకి గుడ్డలు చుట్టుకుని తెడ్డు పట్టుకున్నాడు. నేను అతన్ని పక్కకి పిలిచి చీటీ రాలేదని చెప్పాను. అతను కాసేపు తెడ్డు కేసి చూశాడు. "నిద్ర పట్టకపోయినా చీటీ రాదు గదక్కా," అన్నాడు. అవునన్నాను. ఇద్దరం ఒకరి మొహం ఒకరం చూసుకోలేదు.

జాన్‌బీ పడవలో కూర్చుని ఉంది. ఉతికిన లుంగీ, తువ్వాలు ఒళ్ళో పెట్టుకుంది. ఎవరు దిగమన్నా దిగలేదు. నన్ను చూడగానే ముందుకు వంగింది.

"వదినా, ఇయాల ఏం కలగన్నాడు?"

కనని కలని కన్నట్టు చెప్పడం కంటే పెద్ద తప్పు మా పనిలో లేదు. దొంగ కల చెప్పినవాళ్ళని ప్రళయం నాడు రెండు గింజల్ని ముడి వేయమంటారట, వెయ్యలేక వాళ్ళు అలాగే ఉండిపోతారట. కిటికీలో కూర్చున్న మొదటి రోజున నాతో చేయించిన ప్రమాణం కూడా అదే. నేను తప్పుగా అర్థం చెప్పాను, కోపంలో చెప్పాను, ఆవలిస్తూ చెప్పాను. దొంగ కల మాత్రం ఏనాడూ చెప్పలేదు.

"అన్నం తింటున్నాడు," అన్నాను. "నువ్వు పెట్టావు. ఉప్పెక్కువైందని అంటున్నాడు."

జాన్‌బీ నవ్వింది. పది రోజుల తర్వాత నవ్వింది. "అంటాడు. ఎప్పుడూ అదే అంటాడు." కళ్ళు తుడుచుకుంది. "దానికి అర్థమేంది?"

రేవు స్తంభానికి చెవిపెట్టె ఉంది. కాలేషా పేరు జాబితాలోకి మళ్ళీ ఎక్కింది, ఇప్పుడు అతని కలకి అర్థం చెబితే నమోదవుతుంది. ఆ కల అతను కనలేదు, చీటీ రాలేదు, నాకు తెలుసు. అయినా స్తంభం వైపు తిరిగి, నాకున్న గొంతంతా పెట్టి చెప్పాను.

"నూర్‌బాషా కాలేషా. గోడ పనివాడు. తోడుంది. తెల్లారగట్ల కన్నాడు. అర్థం, ఇంటికొచ్చి భార్య చేతి అన్నం తింటాడు."

చెవిపెట్టె టిక్కుమంది. "నమోదైంది," అంది.

గేటు తెరుచుకుంది.